క్రిస్టినా ఓబర్గ్‌ఫోల్ 70 దాటించి కూడా స్వర్ణానికి ఎనిమిదేళ్లు ఎందుకు ఆగింది? మన అమ్మాయిలకు అందులో పనికొచ్చేదేమిటి?

రేగడి_మైదానం (కర్నూలు)

అందరికీ నమస్కారం. జర్మనీ జావెలిన్ త్రోయర్ క్రిస్టినా ఓబర్గ్‌ఫోల్ కెరీర్ బాగా తెలిసినవాళ్లు ఇక్కడ ఉన్నారని అడుగుతున్నా. 2005లోనే 70.03 మీటర్లు విసిరింది. ప్రపంచ స్వర్ణం మాత్రం 2013లో వచ్చింది. మధ్యలో లోపం ఎక్కడుంది? ఎదురున్నవాళ్లు అంత గట్టివాళ్లా, లేక ఆమె త్రోలోనే ఏదైనా తేడానా?

ఇంకోటి. అప్పటి తూర్పు జర్మనీ నుంచి పెట్రా ఫెల్కే 1988లో 80.00 విసిరిందని పుస్తకాల్లో ఉంది. మరి ఓబర్గ్‌ఫోల్ 70.20 జర్మన్ రికార్డు ఎలా అయింది? పిల్లలు అడిగితే జవాబు చెప్పలేకున్నాం.

మూడోది అసలు అవసరం. ఇక్కడ 16 ఏళ్ల అమ్మాయి ఒకతి ఉంది, కుడిచేతి వాటం. 500 గ్రాముల జావెలిన్ ప్రాక్టీసులో 36 మీటర్లు పోతోంది. మీట్‌లో 30, 31 దగ్గరే ఆగిపోతోంది. మా మైదానం నల్లరేగడి. అండర్-20కి వెళ్తే 600 గ్రాములు పట్టాలి కదా. ఎక్కడ మొదలుపెట్టాలో వివరంగా చెప్పండి.


పరుగు_అనంతపురం

అన్నా, మీ మొదటి ప్రశ్నకూ మూడో ప్రశ్నకూ జవాబు ఒకటే. అందుకే ముందు ఆమె అంకెలు వరసగా చూడండి.

ఓబర్గ్‌ఫోల్ 1981లో లార్‌లో పుట్టింది, ఆడింది ఓఫెన్‌బుర్గ్ క్లబ్ తరఫున. 2004 ఏథెన్స్ ఒలింపిక్స్‌లో ఫైనల్‌కే చేరలేదు. మరుసటి ఏడాది హెల్సింకి ప్రపంచ చాంపియన్‌షిప్‌లో ఒక్కసారిగా 70.03. అప్పటికి అది యూరప్ రికార్డు. కానీ అదే ఫైనల్లో క్యూబా అమ్మాయి ఓస్లెయిదిస్ మెనెందెస్ 71.70తో ప్రపంచ రికార్డు పెట్టింది. కాబట్టి రజతం. ఆ రోజు ఆమె చేయాల్సిందంతా చేసింది, అందులో తప్పు వెతకకూడదు.

2007 జూన్‌లో మ్యూనిక్‌లో 70.20. అదే ఏడాది ఒసాకా ప్రపంచ ఫైనల్లో 66.46, మళ్లీ రజతం. గెలిచిన చెక్ అమ్మాయి బార్బోరా ష్పొతాకొవా విసిరింది 67.07. ఇక్కడ ఆగి చూడండి. అదే సీజన్లో 70 దాటిన చెయ్యి 67.07ను దాటలేకపోయింది. 2008 బీజింగ్ ఒలింపిక్స్‌లో 66.13తో కాంస్యం. తర్వాత రెండో స్థానంలో ఉన్న రష్యా అమ్మాయి డోపింగ్‌లో దొరికి అనర్హురాలైంది, దాంతో కాంస్యం రజతంగా మారింది. 2009లో సొంత దేశంలో, బెర్లిన్ ప్రపంచ పోటీల్లో ఐదో స్థానం. అక్కడ గెలిచింది ఆమె సహచరి, 37 ఏళ్ల స్టెఫీ నేరియుస్. దూరం 67.30, అదీ మొదటి త్రోలోనే. 2010 బార్సిలోనా యూరప్ పోటీల్లో 65.58తో రజతం, స్వర్ణం ఇంకో జర్మన్ అమ్మాయి లిండా స్టాల్‌ది. 2011 దేగు ప్రపంచ పోటీల్లో నాలుగో స్థానం, అదీ డోపింగ్ తీర్పు తర్వాత కాంస్యమైంది. 2012 లండన్ ఒలింపిక్స్‌లో 65.16తో రజతం, అక్కడ ష్పొతాకొవా 69.55తో చాలా ముందుంది.

మెనెందెస్ 71.70, లండన్‌లో ష్పొతాకొవా 69.55 లాంటివి పక్కన పెడితే, పెద్ద పతకాలు తేలింది 65 నుంచి 67 మధ్య. ఓబర్గ్‌ఫోల్ చేతిలో 70 ఉంది, ఫైనల్ రోజు మాత్రం 65, 66. నా లెక్కలో ఆమె కెరీర్ అంతా ఈ నాలుగు మీటర్ల తేడాలోనే ఉంది. 2013 మాస్కోలో అది పూడింది: 69.05. రెండో స్థానంలో ఉన్న ఆస్ట్రేలియా అమ్మాయి కిమ్ మికిల్ 66.60 దగ్గరే ఉండిపోయింది. తన అత్యుత్తమానికి దాదాపు మీటరు దగ్గరగా ఫైనల్లో విసరడమే ఆ గెలుపు. అప్పుడు ఆమెకు 32 నిండడానికి నాలుగు రోజులే ఉంది. అప్పటి కోచ్ బోరిస్ హెన్రీ. ఆయనా పాత జావెలిన్ త్రోయరే, అత్యుత్తమం 90.44. ఆ ఏడాదే ఇద్దరూ పెళ్లి చేసుకున్నారు.

2014లో బాబు పుట్టాడు. 2015 బీజింగ్ ప్రపంచ పోటీల్లో 64.61తో నాలుగో స్థానం, 2016 రియో ఒలింపిక్స్‌లో 62.92తో ఎనిమిదో స్థానం. ఆ ఏడాదితో ఆపేసింది. ప్రసవం తర్వాత మళ్లీ వచ్చి ప్రపంచ ఫైనల్లో నాలుగో స్థానం అంటే తేలిక కాదు. మన దగ్గర పెళ్లయితే స్పైక్స్ మూలన పెట్టించే తల్లిదండ్రులకు ఈ రెండేళ్ల సంగతే ముందు చెప్పాలి.

మీ అమ్మాయికి 36కీ 30కీ మధ్య ఆరు మీటర్లు. శాతంలో చూస్తే ఓబర్గ్‌ఫోల్ తేడా కన్నా రెండింతలు పైనే. బలం పెంచే ముందు ఆ తేడా తగ్గించాలి. పుస్తకంలో అత్యుత్తమ త్రో రాయడం మానండి. వారానికి ఒక రోజు మీట్ లాగే పెట్టండి: ఆరు త్రోలు, ఒక్కోదానికి నిమిషమే టైము, మధ్యలో ఐదారు నిమిషాలు కూర్చోవడం, ఫౌల్ అయితే సున్నా. ఆ ఆరింటి సరాసరి రాయండి. అత్యుత్తమానికీ సరాసరికీ తేడా మూడు మీటర్లలోపు వచ్చేదాకా కొత్త బరువులు ఎత్తించొద్దు.


ఈటె_కడప

రెండో ప్రశ్నకు నేను చెబుతా. ఇది మన పీఈటీల్లో కూడా చాలామందిని తికమక పెడుతుంది.

ఆడవాళ్ల జావెలిన్ అప్పుడూ ఇప్పుడూ 600 గ్రాములే, పొడవు 2.20 నుంచి 2.30 మీటర్లే. మారింది గురుత్వ కేంద్రం. 1999 నుంచి ఆడవాళ్లకు దాన్ని మొన వైపు ముందుకు జరిపారు. పాత ఈటెలో గురుత్వ కేంద్రమూ, గాలి ఒత్తిడి పనిచేసే బిందువూ దగ్గర దగ్గరగా ఉండేవి. అందుకని అది గాలిలో తేలుతూ చివరిదాకా పోయేది, చాలాసార్లు బల్లపరుపుగా వాలేది. మొన ముందు తగిలిందా తోక తగిలిందా అని జడ్జీల దగ్గర గొడవలు. కొత్తదాంట్లో మొన త్వరగా కిందికి వంగుతుంది, నేలలో దిగుతుంది, దూరం తగ్గుతుంది. మగవాళ్లకు ఈ మార్పు 1986లోనే వచ్చింది. 1984లో తూర్పు జర్మనీ ఉవే హోన్ 104.80 విసిరాక మైదానమే చాలదన్న భయం పట్టుకుంది. ఆ హోనే తర్వాత కొంతకాలం మన నీరజ్ చోప్రాకు కోచ్‌గా ఉన్నాడు.

కాబట్టి ఫెల్కే 80.00 (పోట్స్‌డామ్, 1988 సెప్టెంబర్ 9) పాత ఈటెతో. అదే నెలలో సియోల్ ఒలింపిక్స్‌లో 74.68తో స్వర్ణం కొట్టింది. 1972, 1976 రెండు ఒలింపిక్స్ వరసగా గెలిచిన రూత్ ఫుక్స్ దూరాలు కూడా పాతవే. ఫుక్స్‌నూ ఫెల్కేనూ తయారుచేసింది యేనాలో ఒకే కోచ్, కార్ల్ హెల్మన్. 1999లో పుస్తకం మళ్లీ మొదటి పేజీ నుంచి రాశారు. ఇప్పటి ప్రపంచ రికార్డు ష్పొతాకొవాది, 72.28, 2008లో స్టుట్‌గార్ట్‌లో. కొత్త ఈటెతో జర్మనీలో అత్యధికం ఓబర్గ్‌ఫోల్ 70.20. 2021లో క్రిస్టిన్ హుస్సాంగ్ 69.19 దాకా వచ్చింది, దాటలేదు.

పిల్లలకు చూపించడానికి మంచి ఉదాహరణ ఒకటుంది. 1992 బార్సిలోనాలో జిల్కే రెంక్ ఒలింపిక్ స్వర్ణం 68.34. 2008లో స్టెఫీ నేరియుస్ కెరీర్ అత్యుత్తమం కూడా 68.34. ఇద్దరూ జర్మన్లే, అంకె అదే, ఈటెలు వేరు. రెండో 68.34 బరువైనదని నా నమ్మకం.

కొత్త ఈటెతో నేర్పేవాళ్లు దీన్నుంచి తెలుసుకోవాల్సిందొకటి ఉంది. మొన పైకెత్తి విసిరితే తేలుతుంది అనే పాత అలవాటు ఇప్పుడు నష్టమే. విడుదల కోణం 32 నుంచి 36 డిగ్రీలు. ఈటె ఏ దిక్కుకు చూస్తుందో చెయ్యి కూడా ఆ దిక్కుకే లాగాలి. మొన ఆకాశానికి, చెయ్యి ముందుకు పోతే ఈటె గాలికి అడ్డంగా నిలబడి, సగం దూరంలోనే చచ్చుబడి పడుతుంది. మీట్‌లో 30 దగ్గర ఆగిపోవడానికి ఇదొక కారణం అయ్యుండొచ్చు. వీడియో పక్క నుంచి తీసి చూడండి. వెనక్కి చాచిన చేతిలో మొన కనుబొమ దగ్గర ఉండాలి, అరచెయ్యి భుజం ఎత్తుకు తగ్గకూడదు. అరచెయ్యి కిందికి జారిందంటే మొన లేచినట్టే.


పరుగు_అనంతపురం

కడప అన్న చెప్పింది నిజం. కానీ ప్రాక్టీసుకూ మీట్‌కూ ఆరు మీటర్లు తేడా వచ్చే పిల్లలో మొదట అనుమానించాల్సింది రన్నప్‌ను. ప్రాక్టీసులో ఐదడుగులతో హాయిగా వేస్తారు. మీట్‌లో ఆవేశంగా పరిగెత్తుకొచ్చి, చివర్లో అడుగులు కుదించి, గీత దగ్గర భయపడి ఆగుతారు.

16 ఏళ్లకు 11 అడుగులు చాలు. 6 మామూలు పరుగు, 5 క్రాస్ అడుగులు (ఒళ్లు పక్కకు తిప్పి, ఒక కాలు మీదుగా ఇంకోటి దాటించి వేసేవి). పరుగు అడుగు 1.6 మీటర్లు, క్రాస్ అడుగు 1.5 అనుకుంటే మొత్తం 17 మీటర్ల చిల్లర. చివరి ఎడమ కాలు ఆర్క్‌కు (రన్‌వే చివర దాటకూడని వంపు గీత) 1.5 నుంచి 2 మీటర్ల వెనక పడాలి, లేకపోతే విసిరాక ఆగడానికి చోటుండదు. అంటే మొదటి గుర్తు ఆర్క్ నుంచి దాదాపు 19 మీటర్ల దగ్గర. రెండో గుర్తు ఈటె వెనక్కి తీయడం మొదలయ్యే చోట. రన్‌వే పక్కన గుర్తులు పెట్టుకోవడం రూల్ ప్రకారమే. మీట్‌కు టేపు వెంట తీసుకెళ్లండి, అడుగులతో కొలవొద్దు. సింథటిక్ ట్రాక్ మీద అడుగు సాగుతుంది, మట్టి మీద కుదురుతుంది. కాబట్టి అక్కడ రెండు ఖాళీ పరుగులు తీయించి గుర్తు అరమీటరు అటూ ఇటూ జరపండి.

ఇక ఎడమ కాలు. జొన్న చేలో పిట్టల్ని తోలే వడిసెల ఎలా పనిచేస్తుందో మన వైపు పిల్లలకు తెలుసు: ఒక తాడు వదులుతూ చెయ్యి టక్కున ఆగితేనే రాయి దూరం పోతుంది. ఇక్కడ ఆగాల్సింది ఎడమ కాలు. మడమతో నేలను తాకి, మోకాలు నిటారుగా నిలబడాలి. అప్పుడు నడుము, ఛాతీ, భుజం, మోచెయ్యి వరసగా ముందుకు కొట్టుకుంటాయి. ఆ కాలు ఆనిన క్షణం నుంచి ఈటె చెయ్యి వదిలేదాకా సెకనులో ఏడెనిమిదో వంతు. మోకాలు వంగితే అప్పటిదాకా తెచ్చిన వేగమంతా ఆ మోకాలే మింగేస్తుంది. మోకాలు నిలబడలేనంత వేగంగా పరిగెత్తడం వల్లే ఇలా ఎక్కువగా జరుగుతుంది. రన్నప్ వేగాన్ని మోకాలు నిలిచే చోటికి తగ్గించండి, దూరం పెరగడం మీరే చూస్తారు.

వారానికి రెండు విసిరే రోజులు చాలు. నిలబడి 8, మూడడుగులతో 10, ఐదడుగులతో 10, పూర్తి రన్నప్‌తో 6. అంతకు మించి వద్దు. ఇంకో రెండు రోజులు 2 కిలోల మెడిసిన్ బాల్ తల మీదుగా రెండు చేతులతో, పదేసి చొప్పున మూడు సెట్లు. పరుగు, గెంతులు, స్క్వాట్ ఈ రోజుల్లోనే.


రేగడి_మైదానం (కర్నూలు)

చాలా సంతోషం. వీడియో చూశాం, ఎడమ మోకాలు వంగుతోంది. ఇంకో సంగతి కూడా కనబడింది, కాలు ఆనగానే మడమ జారుతోంది. వేసవిలో నేల పైన పొడి, కింద రాయిలా గట్టి. ఈటె దిగడం లేదు, పక్కకు పడి ఒకదాని మొన వంగింది. దీనికేం చేయాలి? పోయిన వారం నుంచి మోచెయ్యి లోపలి వైపు నొప్పి అంటోంది కూడా.


ఎర్రనేల

మోచెయ్యితో మొదలుపెడతా, మిగతావి ఆగగలవు. లోపలి వైపు నొప్పి అంటే విసరడం ఈ రోజే ఆపండి. అక్కడుండే లిగమెంట్ (ఎముకల్ని కట్టి ఉంచే పట్టీ) సాగుతుండొచ్చు. మోచెయ్యి భుజం కన్నా కింద ఉండి, చెయ్యి పక్కనుంచి తిప్పి విసిరితే ఆ భారమంతా దాని మీదే పడుతుంది. ఎడమ కాలు జారితే ఒళ్లు ముందుకు రాదు, ఆ లోటు చెయ్యి పూడ్చాలని చూస్తుంది. మీ నేలకూ ఆమె మోచేతికీ సంబంధం ఉంది. తాకితే నొప్పి, పిడికిలి బిగిస్తే నొప్పి పూర్తిగా పోయేదాకా ఈటె, బంతి ఏదీ వద్దు. విశ్రాంతి ఇచ్చినా వారంలో తగ్గకపోతే, లేదా వేళ్లలో తిమ్మిరి ఉంటే ఎముకల డాక్టర్‌కు చూపించండి. తైలం పూసి, గట్టిగా పట్టీ కట్టి మీట్ ఆడించడం మాత్రం చేయొద్దు. 16 ఏళ్లకు అక్కడి ఎముక ఇంకా పూర్తిగా ముదరకపోవచ్చు. ఈ లోపు పరుగు, కాళ్ల పని, ఎడమ కాలు ఆనించే సాధన ఈటె లేకుండా చేసుకోవచ్చు. తిరిగి మొదలుపెట్టేటప్పుడు నిలబడి సగం బలంతో 10 త్రోలు, రోజు విడిచి రోజు. భుజానికి రబ్బరు బ్యాండుతో బయటికి తిప్పే వ్యాయామం 15 చొప్పున మూడు సెట్లు, సీజన్ అంతా.

నేల సంగతి. రన్‌వే రేగడి మీద వద్దే వద్దు. 30 మీటర్ల పొడవు, 4 మీటర్ల వెడల్పు మేర పైమట్టి అరడుగు తీసి, మొరం పోసి, తడిపి, రోలర్ తిప్పండి. రెండు మూడు సార్లు తడిపి తొక్కిస్తేనే గట్టిపడుతుంది. డబ్బు చాలకపోతే చివరి 6 మీటర్లయినా చేయండి, మడమ ఆనేది అక్కడే. కడప బండ పరిచేద్దాం అని ఎవరైనా అంటే ఒప్పుకోకండి. స్పైక్ దిగదు, మోకాలు పోతుంది. మట్టి మీద జావెలిన్ బూటు తప్పనిసరి. మడమ కింద కూడా స్పైక్స్ ఉండేది చూసుకోండి. మామూలు పరుగు స్పైక్స్‌కు మడమ దగ్గర ఏమీ ఉండదు, మీ అమ్మాయి జారడానికి అది కూడా కారణం. సింథటిక్ మీద జావెలిన్‌కు స్పైక్ పొడవు 12 మిల్లీమీటర్లు మించకూడదు. మట్టి మీద ఇంకా పొడవు పెట్టుకోవచ్చు, అందుకని రెండు జతల మేకులు ఉంచుకోండి.

ఈటె పడే చోట, 25 నుంచి 40 మీటర్ల మధ్య, గుంటక తోలించండి. ముందు రోజు సాయంత్రం నీళ్లు పెడితే తెల్లారి సరిగ్గా దిగుతుంది. ఎండాకాలం మనకు ప్రాక్టీసు ఎలాగూ పొద్దున ఏడున్నర లోపే. నీళ్లు ఎక్కువైతే రేగడి బంక అవుతుంది, ఈటె లాగేటప్పుడు వంగుతుంది. దిగిన ఈటెను అటూ ఇటూ ఊపి పెరకొద్దు. పట్టు దగ్గర పట్టుకుని, దిగిన కోణంలోనే వెనక్కి లాగాలి. వంగిన మొనతో విసరడం ఆపండి. గాలిలో ఈటె వణుకుతుంది, తప్పు పిల్లదా ఈటెదా అని మీకే తెలీదు.

సెక్టార్ (ఈటె పడాల్సిన హద్దు) గీయడానికి కోణమానం అక్కర్లేదు. ఆర్క్ కేంద్రం (ఆర్క్‌కు 8 మీటర్ల వెనక, రన్‌వే మధ్యలో) నుంచి రెండు తాళ్లు 40 మీటర్లు లాగండి. చివర్ల మధ్య దూరం సరిగ్గా 20 మీటర్లుంటే కోణం 28.96 డిగ్రీలు వచ్చినట్టే. తాళ్లు ఆర్క్ రెండు కొసల మీదుగా పోవాలి. పోకపోతే కేంద్రం తప్పు.


ఈటె_కడప

ఎర్రనేల చెప్పినదానికి ఒకటి కలుపుతా. ఈటె కొనేటప్పుడు దాని మీద రాసి ఉండే దూరం చూడండి: 50, 60, 70 మీటర్లు అని. ఆ దూరం విసిరేవాళ్ల కోసం చేసింది అని అర్థం. 36 మీటర్ల అమ్మాయికి 70 రాసింది ఇస్తే అది బిరుసుగా ఉంటుంది, కొంచెం తేడా వచ్చినా క్షమించదు, చేతికి దెబ్బ. నెల్కో కంపెనీదైనా నార్డిక్ కంపెనీదైనా, దొరికినవాటిలో తక్కువ దూరానిదే తీసుకోండి. ఖరీదు కూడా తక్కువే.

పట్టు తాడుకు చెమట అంటి జారుతుంటే చేతులకు మెగ్నీషియం పొడి వాడొచ్చు. గ్లౌజులు కుదరవు, రెండు వేళ్లు కలిపి టేపు చుట్టినా ఒప్పుకోరు. ఈటెలను ఎండలో కటిక నేల మీద పడేయకండి.


పరుగు_అనంతపురం

మీట్ రోజు సంగతి ఒక్కటి మిగిలింది. మొదట మూడు త్రోలు, అందులో మొదటి ఎనిమిది మందికే ఇంకో మూడు. కాబట్టి మొదటి త్రో ఎనభై ఐదు శాతం వేగంతో, సెక్టార్ మధ్యలో పడేలా వేయించండి. అంకె పడ్డాక చెయ్యి తేలికవుతుంది. బెర్లిన్‌లో నేరియుస్ మొదటి త్రోతోనే మిగతావాళ్లందరినీ ఒత్తిడిలోకి నెట్టింది. దీనికి ఎదురు ఉదాహరణ 2015 బీజింగ్: కాథరీనా మోలిటర్ ఆరో త్రోలో 67.69 విసిరి చైనా అమ్మాయి లూ హుయిహుయి చేతిలోంచి స్వర్ణం లాక్కుంది. మోలిటర్ బుండెస్‌లీగాలో (జర్మనీ జాతీయ లీగ్‌లో) వాలీబాల్ కూడా ఆడింది. అందుకని మీ దగ్గర స్మాష్ బాగా కొట్టే పిల్ల ఉంటే ఈటె ఇచ్చి చూడండి, భుజం మీదుగా చెయ్యి వచ్చే దారి రెండింట్లోనూ చాలా దగ్గర. 2009, 2013, 2015 మూడు ప్రపంచ స్వర్ణాలు ముగ్గురు వేర్వేరు జర్మన్ అమ్మాయిలవి. వాళ్లలో వాళ్లకే ఎంత పోటీ అంటే, ప్రపంచ చాంపియన్‌గా ఉన్న మోలిటర్‌కే 2016 రియో జట్టులో చోటు దొరకలేదు. ఒక్క పిల్లను కాకుండా ముగ్గురు నలుగురిని కలిపి సాధన చేయించండి, ఆ వారానికోసారి ఆరు త్రోల పోటీకి అప్పుడే అర్థం ఉంటుంది.


రేగడి_మైదానం (కర్నూలు)

అర్థమైంది. ఈటె ఆపేశాం, డాక్టర్ దగ్గరకు రేపు. మొరం గురించి సర్పంచ్‌తో మాట్లాడతాం. 600 గ్రాములకు ఎప్పుడు మారాలి?


ఎర్రనేల

నొప్పి పూర్తిగా పోయి, 500తో ఆరు త్రోల సరాసరి 33 దాటి, ఎడమ మోకాలు నిలబడుతున్నప్పుడు. అప్పుడు కూడా మొదటి నెల 600ను నిలబడి, మూడడుగులతో మాత్రమే, మొత్తం త్రోలలో మూడో వంతు. పూర్తి రన్నప్ 500తోనే సాగనివ్వండి. రెండో నెల సగం సగం. దూరం నాలుగైదు మీటర్లు తగ్గితే కంగారు వద్దు, బరువుకు అంత తేడా మామూలే. పది మీటర్లు తగ్గితే మాత్రం చెయ్యి పక్కనుంచి తిరుగుతోందేమో వీడియో తీసి చూసి, 500కు వెనక్కి రండి.